మణికట్టు లెక్క ఎవరికి ఒప్పగించాలి?



యౌవనస్థుల వ్యాయామం గూర్చి ఏదైనా వ్రాయండి మాస్టారూ అని సంపాదకులు అడిగినప్పుడు, ఉదయాన్నే లేవడం, మితంగా తినడం గూర్చి రెండు పేజీలు వ్రాసి పంపుదామనుకున్నాను. ట్రెయినింగ్ పూర్తి చేసిన నాటి నుంచి రిటైరయ్యే వరకు పిల్లల చేత డ్రిల్లు చేయించినవాడిని గనుక అది నాకు కష్టం కాదు. కాని వ్రాయడానికి కూర్చున్నప్పుడు నా చేతికున్న వాచీ మీదికి చూపు పోయింది. ఆ వాచీ మూలంగా నేను చేసిన తప్పు ఒకటుంది. అది దాచిపెట్టి ఇతరులకు బోధ చేయడం న్యాయం కాదు. గనుక ముందు నా సంగతి చెప్పుకుని, ఆ తరువాత యౌవనస్థుల దగ్గరకు వస్తాను.

మా పెద్దవాడు కువైట్‌లో పని చేస్తున్నాడు. ఈ పత్రిక చదివే మీలో చాలామంది వలె వాడూ సెలవుకు వచ్చేటప్పుడు పెట్టె నిండా వస్తువులు తెస్తాడు. కిందటిసారి రెండు స్మార్ట్ వాచీలు తెచ్చాడు. ఒకటి నాకు, ఒకటి తన కూతురికి. నా మనవరాలు తిరువళ్ళూరులో హాస్టల్లో ఉండి డిగ్రీ చదువుతూ, పోలీసు ఉద్యోగపు పరుగు పరీక్షకు సాధన చేస్తున్నది. నేను, నా భార్య, కోడలు, చిన్న మనవడు తిరుత్తణిలో ఉంటున్నాం. వాడు తిరిగి వెళ్ళేముందు రెండు వాచీలనూ తన ఫోనుకు కలుపుకున్నాడు. మేము ఎన్ని అడుగులు వేశామో, మా గుండె నిమిషానికి ఎన్నిసార్లు కొట్టుకున్నదో, రాత్రి ఎంతసేపు నిద్రపోయామో అన్నీ కువైట్‌లో ఉన్న వాడికి తెలుస్తాయి.

"డాక్టరు నడవమన్నాడు గదా నాయనా. రోజుకు పదివేల అడుగులు. నేను చూస్తా వుంటా" అని చెప్పి పోయాడు.

మొదటి రెండు నెలలు సంతోషంగానే నడిచాను. తరువాత మోకాలు పట్టుకుంది. ఒకరోజు నాలుగు వేలు, ఒకరోజు రెండు వేలు. కువైట్ మనకంటే రెండున్నర గంటలు వెనుక. వాడు అక్కడ తెల్లవారుజామున నాలుగింటికి డ్యూటీకి లేస్తే మనకు ఆరున్నర. సరిగ్గా ఆ వేళకు ఫోను మోగేది. "ఏం నాయనా, నిన్న రెండు వేలేనా?" మోకాలి నొప్పి అని చెబితే వాడు అంత దూరంలో దిగులుపడతాడు. చెప్పకపోతే సోమరిగా కూర్చున్నాననుకుంటాడు. ఒకనాటి సాయంత్రం చిన్న మనవడు క్రికెట్ ఆటకు పోతూ "తాతా, నీ వాచీ నాకు కట్టవా?" అని అడిగాడు. కట్టాను. ఆ రాత్రికి లెక్క పద్నాలుగు వేలు! కువైట్ నుంచి పొగడ్త వచ్చింది. మరునాడు వాడు అడగకపోయినా నేనే పిలిచి కట్టాను. ఇట్లా పది రోజులు గడిచాయి.

ఒక శనివారం రాత్రి ఎనిమిదింటికి ఫోను. మావాడి గొంతు వణుకుతున్నది. "నాయనా, సాయంత్రం నీ గుండె నూట డెబ్బై ఎనిమిది కొట్టింది. అట్లనే చాలాసేపు కొట్టింది. కదలకుండా పండుకో. పక్కింటాయనకు చెప్పినా, కారు తెస్తాడు." నేను బాగుండానురా అంటే వినడు. నిజంగానే పక్కింటాయన కారు తెచ్చి వాకిట నిలబెట్టాడు. మావాడు అక్కడ సెలవు అడిగి, విమానం టిక్కెట్టు ధర కూడా విచారించి పెట్టుకున్నాడు. ఇక దాచలేక జరిగింది చెప్పాను. కొంతసేపు వాడు ఏమీ మాట్లాడలేదు. తరువాత "నాకు అబద్ధం చెప్పాల్సినంత పనేమొచ్చింది నాయనా?" అని మాత్రం అడిగాడు.

నోటితో నేను ఒక్క అబద్ధమూ ఆడలేదు. మణికట్టుతో ఆడాను. ఆదివారపు బడిలో పిల్లలకు సత్యం గూర్చి చెప్పే మనిషిని ఇట్లా ఎందుకు చేశానని చాలా రోజులు ఆలోచించాను. ఆ ఆలోచనలో నాకు తేలిన సంగతినే ఇక్కడ వ్రాస్తున్నాను.

మొదట ఈ వాచీకి మన సంగతులు ఎట్లా తెలుస్తాయో చూద్దాం. తెలియని వస్తువును పూజించడమూ తప్పే, నిందించడమూ తప్పే. వాచీ అడుగుభాగాన చిన్న పచ్చని దీపాలు వెలుగుతుంటాయి. రక్తం పచ్చని కాంతిని బాగా పీల్చుకుంటుంది. గుండె కొట్టుకున్నప్పుడల్లా మణికట్టులోని సన్నని నాళాలలో రక్తం ఒక అల వలె పెరిగి తగ్గుతుంది. తిరిగి వచ్చే వెలుగులోని హెచ్చుతగ్గులను బట్టి వాచీ నాడిని లెక్కగడుతుంది. అడుగులను లెక్కించేది వేరే సెన్సార్. అది చేతి కదలికను పసిగడుతుంది. దూరం చెప్పేది జీపీఎస్. ఆకాశంలోని ఉపగ్రహాల సంకేతాలు చేరడానికి పట్టిన కాలాన్ని బట్టి మనం ఉన్న చోటు తేలుస్తుంది. మన దేశం కూడా ఇటువంటి ఏర్పాటు కొరకు మొదటి ఉపగ్రహాన్ని 2013 జూలై 1న శ్రీహరికోట నుంచి పంపింది. శ్రీహరికోట మనకు దూరమేమీ కాదు, మన తిరువళ్ళూరు జిల్లా అంచున ఉన్న పులికాట్ సరస్సుకు ఆవలనే ఉన్నది.

అయితే వాచీ చెప్పే మాటలన్నీ ఒకే రకమైనవి కావు. కొన్ని చూసి చెప్పేవి, కొన్ని ఊహించి చెప్పేవి. నాడి కొంతవరకు చూసి చెప్పేది. ఎన్ని కేలరీలు ఖర్చయ్యాయన్నది ఊహ. 2017లో అమెరికాలోని స్టాన్‌ఫర్డ్ విశ్వవిద్యాలయం వారు ఏడు రకాల వాచీలను అరవై మంది మీద పరీక్షించారు. ఏడింటిలో ఆరు నాడిని నూటికి ఐదు లోపు తేడాతో చెప్పాయి. కేలరీల దగ్గరకు వచ్చేసరికి అన్నిటికంటే మంచిది కూడా సగటున నూటికి ఇరవై ఏడు తప్పింది. అన్నిటికంటే చెడ్డది తొంభై మూడు తప్పింది! రెండు అంకెలూ ఒకే తెర మీద ఒకే రకం అక్షరాలతో కనబడతాయి. చూసేవానికి రెండింటి మీదా ఒకే నమ్మకం కలుగుతుంది. నాడి విషయంలో కూడా కూర్చున్నప్పటి కంటే కదులుతున్నప్పుడు తప్పు పెరుగుతుందని 2020లో డ్యూక్ విశ్వవిద్యాలయం వారి పరిశీలనలో తేలింది. పరుగులో చేయి ఊగుతుంది, పట్టీ వదులవుతుంది. ఛాతీకి కట్టుకునే పట్టీ గుండెలోని విద్యుత్తునే పట్టుకుంటుంది గనుక అది ఎక్కువ నమ్మదగినది.

ఇక నన్ను అబద్ధంలోనికి దించిన పదివేల అడుగుల సంగతి. అది ఏ వైద్యుని పరిశోధన నుంచి పుట్టిందో అనుకున్నాను. 1964లో టోక్యోలో ఒలింపిక్స్ జరిగిన మరుసటి ఏడు జపానులో ఒక కంపెనీ అడుగులు లెక్కించే యంత్రాన్ని అమ్మకానికి పెట్టి, దానికి తమ భాషలో పదివేల అడుగుల మీటరు అని అర్థం వచ్చే పేరు పెట్టింది. చెవికి ఇంపుగా ఉన్న ఆ గుండు సంఖ్య లోకమంతా పాకింది. 2019లో అమెరికాలో పదహారు వేలకు పైగా వృద్ధ స్త్రీల మీద జరిగిన పరిశీలన అచ్చయింది. వారి సగటు వయస్సు 72. రోజుకు దాదాపు 2,700 అడుగులు నడిచిన వారి కంటే 4,400 నడిచిన వారిలో మరణాలు బాగా తక్కువ. సుమారు 7,500 దాటిన తరువాత మరింత నడిచినందువలన అదనపు మేలు కనబడలేదు. నేను మోకాలి నొప్పితో నాలుగు వేలు నడిచిన రోజున సిగ్గుపడనవసరం లేదు. ఒక వ్యాపారపు పేరుకు నేను అపరాధినని నన్ను నేనే ఒప్పుకున్నాను.

అట్లాగని వాచీ వ్యర్థమని నేననను. దాని మేలు నా మనవరాలి విషయంలో కళ్ళారా చూశాను.

తమిళనాడు పోలీసు కానిస్టేబుల్ ఎంపికలో పురుషులు 1500 మీటర్లు ఏడు నిమిషాలలో, స్త్రీలు 400 మీటర్లు రెండు నిమిషాల ముప్పై సెకన్లలో పరుగెత్తాలని నిబంధన. నెలకొకసారి నేను అరక్కోణం మీదుగా రైలెక్కి తిరువళ్ళూరు వెళ్ళి, ఉదయం మైదానంలో ఆమె సాధన చూస్తాను. మొదట్లో ఆ పిల్ల ప్రతి రోజూ ప్రాణం పోయేలా పరుగెత్తేది. అక్కడ సాధన చేయించే పీటీ మాస్టారు "అమ్మా, వారంలో ఎక్కువ రోజులు మాట్లాడుతూ పరుగెత్తగలిగినంత నెమ్మదిగానే పరుగెత్తు. ఒకటి రెండు రోజులు మాత్రమే గట్టిగా" అన్నారు. నెమ్మది అంటే ఎంతో ఆమెకు తెలియలేదు. వాచీలోని నాడిని చూసుకుంటూ నేర్చుకున్నది. ఇంకొకసారి, పొద్దున లేవగానే విశ్రాంతి నాడి మామూలుగా అరవై నాలుగు ఉండేది డెబ్బై ఎనిమిది చూపింది. తనకు ఏమీ లేదనుకున్నా ఆ రోజు పరుగు మానుకున్నది. సాయంత్రానికి జ్వరం. పరుగెత్తి ఉంటే ఏమయ్యేదో!

ఆ మైదానంలోనే వాచీ హద్దు కూడా కనబడింది. జీపీఎస్ చూసుకుని నాలుగు వందల మీటర్లు అయిందని ఆగి, సమయం దాటలేదని ఆమె సంబరపడేది. మాస్టారు టేపు తెచ్చి కొలిపిస్తే ఇరవై మీటర్లు తక్కువ వచ్చింది. చెట్ల మధ్య, గుండ్రని దారిలో ఆ మాత్రం తేడా జీపీఎస్‌కు వింత కాదు. పరీక్షనాడు ఆ ఇరవై మీటర్లే ఉద్యోగం.

వయస్సును 220 నుంచి తీసివేస్తే గుండె కొట్టుకోగల గరిష్ఠ వేగం వస్తుందని చాలా వాచీలు లెక్క వేస్తాయి. నాకు అరవై ఆరు గనుక 154. వయస్సును 0.7తో గుణించి 208 నుంచి తీసివేయాలని 2001లో మరొక సూత్రం వచ్చింది. దాని ప్రకారం నాకు 162. నా గుండె ఒక్కటే, లెక్కలు మాత్రం రెండు. రెండూ అనేకమంది సగటు నుంచి వచ్చినవే గాని, నన్ను ఎరిగి చెప్పినవి కావు. పైగా మే నెలలో మనవైపు కత్తిరి ఎండ కాసేటప్పుడు అదే వేగానికి గుండె మరింత వేగంగా కొట్టుకుంటుంది. వాచీ ఆ అంకెను చూపుతుంది గాని, కారణం ఎండా, జ్వరమా, భయమా అన్నది చెప్పలేదు. అది పరుగెత్తేవారే గ్రహించాలి. స్వీడన్ దేశపు శాస్త్రవేత్త గున్నార్ బోర్గ్ అయితే మనిషినే అడిగాడు. నీకు ఎంత ప్రయాసగా ఉందో 6 నుంచి 20 లోపు ఒక అంకె చెప్పు అన్నాడు. ఆ అంకెను పదితో గుణిస్తే యౌవనస్థులలో నాడికి దాదాపు దగ్గరగా వస్తుందన్నది ఆయన ఊహ. మనిషి తన ప్రయాసను గూర్చి ఇచ్చే సాక్ష్యానికి శాస్త్రంలో కూడా చోటున్నదని దీనివలన తెలుస్తుంది.

ఈ సాక్ష్యాన్ని వినకపోతే ఏమవుతుందో మనం చూశాం. 2024లో జార్ఖండ్‌లో ఎక్సైజ్ కానిస్టేబుళ్ళ ఎంపికకు పది కిలోమీటర్ల పరుగు పెట్టినప్పుడు పదిమందికి పైగా అభ్యర్థులు మరణించారు. వారందరూ మన పిల్లల వంటివారే. ఒక ఉద్యోగం కొరకు, ఇంటి ఆశల కొరకు, ఒళ్ళు వద్దంటున్నా ఆగనివారు కూడా అందులో ఉండి ఉంటారు.

ఇంతవరకు చెప్పింది వాచీ నిజం చెబుతుందా అన్న ప్రశ్న. నా తప్పు ఆ ప్రశ్నలో లేదు. ఆ రోజు వాచీ నిజమే చెప్పింది. గుండె 178 కొట్టుకున్న మాట నిజం, అడుగులు వేసిన మాట నిజం, మనిషే వేరు. అసలు ప్రశ్న, ఆ లెక్క ఎవరి చేతిలోనికి పోతున్నది, ఎందుకు పోతున్నది అన్నది.

లెక్కలు మనుషుల బ్రతుకులను ఎట్లా మారుస్తాయో తిరుత్తణి వారికి వేరే చెప్పనక్కరలేదు. ఒకప్పుడు ఇది ఆంధ్రలో చిత్తూరు జిల్లాలోని ఊరు. గ్రామాలలో ఏ భాష మాట్లాడేవారు ఎక్కువ అన్న లెక్క చూసి హద్దులు సరిదిద్దారు. 1959 చట్టం ప్రకారం 1960 ఏప్రిల్ 1న తిరుత్తణి మద్రాసు రాష్ట్రంలో చేరింది. మా నాయన ఇల్లు కదలలేదు, బావి కదలలేదు, ఒక్క రోజులో మేము పొరుగు రాష్ట్రంలోని తెలుగువారమయ్యాం. ఆ లెక్క తప్పని నేననడం లేదు. ప్రజలను లెక్కించిన దావీదు సంగతి మీకు తెలుసు. లెక్కించడం ఒకటి, ఎందుకు లెక్కిస్తున్నామన్నది మరొకటి.

లెక్క బలహీనునికి న్యాయం కూడా చేయగలదు. ఒకప్పుడు పరుగు పరీక్షలో స్టాప్‌వాచీ పట్టుకున్న మనిషి చేతిలోనే అభ్యర్థి భవిష్యత్తు ఉండేది. ఒక సెకను ముందు నొక్కాడా, వెనుక నొక్కాడా ఎవరికి తెలుసు? తెలంగాణలో ఇటీవలి పోలీసు ఎంపికలలో ఆర్‌ఎఫ్‌ఐడీ అనే చిన్న చిప్పును అభ్యర్థికి కట్టి, గీత దాటిన క్షణాన్ని యంత్రమే పట్టుకునేటట్లు చేశారు. ఆ చిప్పుకు అభ్యర్థి కులం తెలియదు, ఎవరి సిఫారసు ఉన్నదో తెలియదు. సిఫారసు లేని పిల్లవానికి ఇది మేలే. ఇక్కడ లెక్క అభ్యర్థి పక్షాన నిలబడింది. పరుగు ముగియగానే దాన్ని విప్పి ఇచ్చేస్తాడు కూడా.

ఇప్పుడు అటువంటి వస్తువునే మరొక చేతికి కట్టినప్పుడు ఏమయిందో చూడండి. 2020 ప్రాంతంలో చండీగఢ్‌లో నగరపాలక సంస్థ వీధులూడ్చేవారికి జీపీఎస్ ఉన్న వాచీలు కట్టింది. నాగపూర్‌లో, మరికొన్ని ఊళ్ళలో కూడా ఇటువంటి ఏర్పాటు జరిగింది. పనివారు ఎక్కడున్నారో, ఎంతసేపున్నారో ఆఫీసులోని తెర మీద కనబడుతుంది. వాచీ పని చేయకపోతే జీతం పోతుందేమోనన్న భయం. అందులో కెమెరా కూడా ఉన్నదని, మరుగుదొడ్డికి వెళ్ళడానికీ భయంగా ఉన్నదని స్త్రీలు చెప్పినట్లు పత్రికలు వ్రాశాయి. పనివారు నిరసన చేశారు. నాడి చూసి, నువ్వు అలసిపోయావు, కాసేపు నీడలో కూర్చో అని చెప్పడానికి కట్టిన వాచీ కాదది.

ఈ వార్త మనకు దూరపు వార్త కాదు. చెన్నై వీధులను తరతరాలుగా ఊడుస్తున్న వారిలో తెలుగు మాట్లాడేవారు ఎంతోమంది. మన సంఘాలలో వారి కుటుంబాలున్నాయి. వారి పిల్లలే నేడు తిరువళ్ళూరు మైదానంలో పరుగెత్తుతున్నారు. తల్లి చేతికి కట్టితే కావలి, కూతురి చేతికి కట్టితే సాధన. పచ్చని దీపం ఒకటే, జీపీఎస్ ఒకటే. తేడా ఎక్కడున్నది? కూతురు ఆ అంకెను తానే చదువుకుంటుంది, దానివలన మేలు పొందుతుంది, ఇష్టం లేనప్పుడు విప్పి పెట్టెలో పెడుతుంది. తల్లికి ఈ మూడూ లేవు.

అప్పుడు నా సంగతి నాకు అర్థమయింది. మావాడు ప్రేమతోనే వాచీ కట్టాడు, అందులో సందేహం లేదు. అయినా ఆ అంకెను నాకంటే ముందు వాడు చదివేవాడు. నా కాలు నొప్పి నాకు తెలుసు, వాడికి అంకె మాత్రమే తెలుసు. విప్పి పక్కన పెడదామంటే, వాచీ ఎందుకు తీసినావు నాయనా అని ఫోను. కావలి వాని ముందు మనిషి దొంగతనం నేర్చుకున్నట్లు, నేను కొడుకు ముందు మోసం నేర్చుకున్నాను. నా తప్పును వాడి మీద వేయడం లేదు. మోకాలు నొప్పిరా అని ఒక్క మాట చెప్పి ఉంటే సరిపోయేది. ఆ మాట చెప్పడానికి నాకు అహం అడ్డు వచ్చింది. పూర్వం వాడు ఫోను చేస్తే మొదటి మాట "బాగుండావా నాయనా?" అని ఉండేది. వాచీ వచ్చిన తరువాత ఆ ప్రశ్న పోయింది. అడగకముందే యంత్రం జవాబు చెబుతున్నది గనుక అడిగే పని లేకపోయింది. నాకు బాధ కలిగించింది అదే అని చాలా ఆలస్యంగా తెలుసుకున్నాను.

గల్ఫ్‌లో, సింగపూర్‌లో, అమెరికాలో ఉన్న మన బిడ్డలారా, మీరు ఇంటికి వాచీలు పంపండి, తప్పులేదు. పడిపోతే తెలియజేసే వాచీ వృద్ధులకు మంచిదే. కాని పంపిన తరువాత కూడా ఫోను చేసి ఎట్లున్నావని అడగండి. అంకె తెలిసినా అడగండి. మీ తల్లిదండ్రులు ఆ ప్రశ్నకు జవాబు చెప్పడం కొరకే రోజంతా ఎదురుచూస్తుంటారు.

యౌవనస్థులకు నేను చెప్పదలచినవి మూడే ప్రశ్నలు. వాచీ కట్టుకునే ముందు, ఇతరులకు కట్టే ముందు అడుగవలసినవి.

మొదటిది, ఈ లెక్కను మొదట చదివేది ఎవరు? అమ్మాయిలు దీనిని ముఖ్యంగా గమనించాలి. పరుగెత్తిన దారిని లోకమంతటికీ చూపే యాప్‌లున్నాయి. స్ట్రావా అనే యాప్ అచ్చు వేసిన పటంలో, సైనికులు పరుగెత్తిన గీతలను బట్టి వారి స్థావరాలు 2018 జనవరిలో బయటపడ్డాయి. సైనికుల స్థావరమే దాగనప్పుడు, తెల్లవారుజామున ఒంటరిగా పరుగెత్తే ఆడపిల్ల ఇల్లు దాగుతుందా? నా మనవరాలు ఇది తెలిసిన వెంటనే తన దారి ఇతరులకు కనబడకుండా సెట్టింగు మార్చుకున్నది.

రెండవది, ఈ లెక్క వలన ఎవరికి మేలు? నిన్నటి కంటే నేడు నీ శరీరాన్ని నీవు బాగా ఎరగడానికైతే మంచిది. స్నేహితుని కంటే రెండు వేల అడుగులు ఎక్కువ చూపుకోవడానికైతే, నేను చిన్న మనవడి చేతికి వాచీ కట్టిన రోజు నీకూ వస్తుంది.

మూడవది, దీనిని విప్పి పక్కన పెట్టగలవా? వారానికి ఒక రోజు వాచీ లేకుండా పరుగెత్తు. ఊపిరి విను. మాట్లాడగలుగుతున్నావా చూసుకో. ఆ రోజు పరుగు లెక్కకు రాలేదని దిగులు పుడితే, వాచీని నీవు కట్టుకోలేదు, అదే నిన్ను కట్టుకున్నదని తెలుసుకో.

వాచీ కొనలేని పిల్లలు చిన్నబుచ్చుకోవద్దు. ఆ మైదానంలో చెప్పులు లేకుండా పరుగెత్తే పిల్లవాడు ఒకడు, అక్కా, నాకు వాచీ లేదు గదా, నేను సెలక్టవుతానా అని నా మనవరాలిని అడిగాడు. నేను వాణ్ణి కూర్చోబెట్టి, మా ట్రెయినింగ్ కాలంలో నేర్పిన పద్ధతి చూపించాను. బొటనవేలు కింది వైపు మణికట్టు మీద రెండు వేళ్ళు ఆనించి, పదిహేను సెకన్లు లెక్కపెట్టి నాలుగుతో గుణించడమే. వాడు తన నాడిని తానే పట్టుకుని లెక్కపెట్టినప్పుడు ముఖం వెలిగింది. వాచీ ఉన్నవారు కూడా వాని చుట్టూ చేరి తమ నాడి పట్టుకుని చూసుకున్నారు.

తిరుత్తణి కొండకు 365 మెట్లు, ఏడాదిలోని ఒక్కొక్క రోజుకు ఒక్కొక్కటి అని మా ఊరివారు చెబుతారు. మన విశ్వాసం వేరైనా, కొండ కింద పుట్టి పెరిగినవాణ్ణి గనుక ఆ మాట చిన్ననాటి నుంచి వింటున్నాను. అది కూడా లెక్కే. కాని ఆ లెక్క ఎవరు ముందు ఎక్కారని అడగదు. గడచిన రోజులను గుర్తు చేస్తుంది. ముసలివారు మధ్యలో కూర్చుని ఊపిరి పీల్చుకుంటే ఎవరూ తప్పుపట్టరు.

ఇప్పుడు మా ఇంట్లో ఏర్పాటు ఇది. వాచీ నా చేతికే ఉన్నది. పడిపోతే మాత్రమే మావాడికి కబురు పోతుంది. రోజువారీ అడుగులు, నిద్ర వాడికి కనబడవు. ఆదివారం సాయంత్రం వాడు ఫోను చేస్తాడు. "బాగుండావా నాయనా? మోకాలు ఎట్లుంది?" అని అడుగుతాడు. ఎంత నడిచానో నేనే చెబుతాను. కిందటి ఆదివారం మూడు వేలని చెప్పాను. "చాల్లే నాయనా, మెల్లగా" అన్నాడు.

మనవరాలికి పరుగు పరీక్ష దగ్గరపడింది. టేపుతో కొలిచిన నాలుగు వందల మీటర్లు ఆమె ఇప్పుడు రెండు నిమిషాల పద్దెనిమిది సెకన్లలో పరుగెత్తుతున్నది. ఆ సమయం వాచీ చెప్పింది కాదు, పీటీ మాస్టారు గీత దగ్గర నిలబడి చూసి చెప్పింది. మీ ప్రార్థనలలో ఆమెను, ఆమెతో పాటు పరుగెత్తే పిల్లలందరినీ జ్ఞాపకం చేసుకోండి.

ఇట్లు,
మీ సహోదరుడు,
ఒక సంఘ పెద్ద, తిరుత్తణి